రెండో బెజ్జం కాడి బొట్టుబిళ్ల

ముందుగా జిల్లాలోని సమస్త టైల్స్ మేస్త్రీలకు, డ్రిల్ మిషన్లకు, మా ఇంట రెండు ముక్కలై అమరులైన పోర్సిలిన్ టైల్స్ ఆత్మలకు సాష్టాంగపడి క్షమాపణ చెప్పుకుంటున్న. మీ విద్యలో ఓనమాలు రానివాడు మీ విద్య గురించి రాస్తున్నడు. డిగ్రీ చదివినోడు, మన్నించండి.

సంగతేందంటే, మా మేనమామ పోయిండు. బాత్రూం గోడకు ఒక బెజ్జం వేసి, రెండోది రేపు వేద్దామన్నడు. తెల్లారి టీ గ్లాసు కింద పెట్టి ఛాతీ పట్టుకున్నడు. దవాఖానాకు తీసుకపోతుంటే ఆటో ఇంకా కల్లూరు దాటనేలేదు, అయిపోయింది.

మామ హాస్టల్ వార్డెన్. నౌకరీ అంతా చర్ల, దుమ్ముగూడెం దిక్కు అడవి ఊళ్లల్లోనే. కిరాయికున్న ఇండ్లన్నీ మట్టి గోడలు. అంగీ తగిలించుకోవాలంటే మేకును బొటనవేలితో అదిమితే దిగేదట. అట్లాంటి మనిషి రిటైరై కల్లూరులో ఇల్లు కట్టి, గోడలకు పోర్సిలిన్ టైల్స్ వేయించిండు. పాలు పొంగిచ్చిన వారానికే అద్దం తగిలిద్దామని మేకు పెట్టి, సన్నెకల్లు పొత్రంతో ఒక్కటిచ్చిండు. మేకు వంగింది, టైలు నిలువునా చీలింది. మామ ఆ చీలిక పొడుగునా వేలు రాసిండు. ఇది మన తీరు గోడ కాదురా అల్లుడా, అన్నడు.

మేస్త్రీని పిలుద్దామంటే వినలే. డ్రిల్ మిషన్ కొన్నడు. దసరాకు దానికి పసుపు కుంకుమ పెట్టి, కొబ్బరికాయ కొట్టి, సుత్తి తీరు గుద్దే హామర్ మోడ్ ఆపడం మరిచి ఇంకో టైలును కూడా పగలగొట్టిండు. ఆ తర్వాతనే దారికొచ్చిండు. సుత్తి దెబ్బ వద్దు, బలం వద్దు, నీళ్లు పోసుకుంట మెల్లగా తిప్పాలె. అయినా ఒక చిక్కు మిగిలింది. ఆ నున్నటి టైలు మీద మిషన్ కొనకుండే బిట్టు నిలవదు, సర్రున జారి గీత పెడుతది.

ఆ చిక్కు విడిపించింది మా అత్త. తెలిసి కాదు. స్నానానికి పోయేముందు బొట్టుబిళ్ల తీసి గోడకు అంటించడం ఆమె అలవాటు. ఒకనాడు మామ బిట్టును పోయి పోయి ఆ బిళ్ల మీదనే ఆనించిండు. జారలే. ఇగ అప్పటి నుంచి ఏ బెజ్జానికైనా ముందు అత్త దగ్గరికే పోయి చెయ్యి చాపేటోడు.

"ఇవి నా మొహానికి కొన్నయా, నీ గోడకు కొన్నయా?" అనేది అత్త. అనుకుంటనే ఇచ్చేది.

నా పని సీసాతో నీళ్లు పొయ్యడం. పోసుకుంట నేనేదో ఒకటి మాట్లాడేది. "నీళ్లు పొయ్యిరా, ఉపన్యాసం కాదు," అనేటోడు మామ.

చివరి పని అత్త మోకాళ్ల కోసం. బాత్రూంలో ఒకసారి జారి నల్లా పట్టుకొని ఆగింది. పట్టుకోవడానికి స్టీలు హ్యాండిల్ తెచ్చిండు. పైకొక స్క్రూ, కిందికొక స్క్రూ. రెండు చోట్లా బొట్టుబిళ్లలు పెట్టి బొటనవేలితో అదిమిండు. పై బెజ్జం పడ్డది, దానికి స్క్రూ బిగించి హ్యాండిల్ వేలాడదీసిండు. టైలు వేడెక్కింది, నేనూ వేడెక్కిన, మిగిలింది రేపు, అన్నడు.

ఇగ ఆ కర్మ దినాలన్నీ హ్యాండిల్ ఒక్క స్క్రూ మీదనే ఊగింది. ఇల్లంతా చుట్టాలు. అత్త బాత్రూంలోకి పోయి తలుపేసుకుంటే మేం వరండాలో కూర్చొని ఏవేవో మాట్లాడేది, చెవులు మాత్రం తలుపుకే. కిర్రుమంటే మాట ఆగేది. నేను జోకులేస్తే ఎవరూ నవ్వలే, నా జోకు నాకే వినపడలే. రెండో స్క్రూ బిగిస్తనంటే అత్త వద్దన్నది. ఆ గోడను ఎవరూ ముట్టొద్దన్నది.

పదోనాడు మా పెద్దమ్మ అత్త బొట్టు తీసేయించింది. కుంకుమ భరిణె, బిళ్లల అట్టలు అన్నీ ఏరి మూట కట్టింది. గోడ మీద రెండో బెజ్జం జాగల ఉన్న బిళ్ల ఒక్కటే ఆమె కంట పడలే. అత్త గోడను ఎందుకు ముట్టనియ్యలేదో నాకప్పుడు తెలిసింది. బిట్టు తిరిగితే బిళ్ల మిగలదు.

మర్నాడు పొద్దున బాత్రూంలో ధబ్బుమన్నది. హ్యాండిల్ పక్కకు తిరిగి అత్త స్టూలు మీద కూలబడ్డది. దెబ్బ తగల్లేదు. గోడ మీది బిళ్ల దిక్కే చూసుకుంట అన్నది:

"వెయ్యిరా. దాన్ని మాత్రం ఖరాబు చెయ్యకు."

బిళ్ల తీసి, బిట్టు జారకుండ ఆ జాగల దెబ్బలకు వేసుకునే ప్లాస్టర్ అంటించిన. దెబ్బ తగలకముందే ప్లాస్టర్ పడ్డ టైలు ప్రపంచంలో అదొక్కటే కావచ్చు. అత్త నీళ్లు పోసింది. నేను నోరు తెరిచేలోపే, మిషన్ సక్కగ పట్టు, ఉపన్యాసం వద్దు, అన్నది.

బెజ్జం పడ్డది. కొంచెం వంకర.

ఆ ఇంటి బెజ్జాలన్నీ నా చేతివేనని చుట్టాలల్ల చెప్పుకున్న. అబద్ధం. నీళ్లు పోసిన, అంతే. ఆ వంకరది కూడా సగం అత్తది. అచ్చంగా నేను చేసింది ఒక్కటే. గోరుతో లేపిన బొట్టుబిళ్లను పెద్దమ్మ చూడకుండా తెచ్చి, అత్త గదిలో అద్దం మూలకు అంటించిన.

తెల్లారి అత్త హ్యాండిల్ పట్టుకొని నిమ్మళంగ స్నానం చేసి గదిలోకి పోయింది. బయటికొచ్చేసరికి అద్దం మీద బిళ్ల లేదు. పెద్దమ్మ ఏమో అనబోయి ఆగింది. జిగురు అయిపోయిందేమో, అత్త నుదుటి మీద బిళ్ల ఒక పక్కకు లేస్తున్నది. దాన్ని బొటనవేలితో గట్టిగ అదిమి, టీ పెట్టడానికి వంటింట్లోకి పోయింది.