అమ్ఘరా తుక్కులో దొరికిన కిరిసావా

తుక్కు యార్డుకు ఎవరైనా విహారానికి వెళ్తారా అని మావారు నవ్వారు. మేం వెళ్లాం! కువైట్‌లోని ఫింటాస్‌లో మా పక్క ఫ్లాటు సాచికో గారు ఆదివారం జపాన్ వెళ్లిపోతున్నారు. ఆవిడ పుట్టిన కిరిసావా అనే చిన్న ఊరిని ఎప్పుడో పక్క నగరంలో కలిపేశారు. ఇప్పుడు బడి బోర్డు మీద, బస్సు మీద, చిరునామాలో అంతటా నగరం పేరే. "తిరిగి వెళ్తున్నాను, కానీ మా ఊరి పేరు ఎక్కడా కనిపించదు" అన్నారొకరోజు దిగులుగా. అంతలో అమ్ఘరా యార్డులో పనిచేసే ఓబులేసు, మాకు తెలిసినవాడే, ఒక ఫోటో పంపాడు. జపాన్ నుంచి వచ్చిన పాత లోడర్, శనివారం తుక్కు కింద కోసేస్తారట. దాని వెనక స్టిక్కరు మీద ఆ నగరం పేరుంది! మంచు ఎత్తే ఇలాంటి పాత బండ్ల తలుపు మీద, నగరంలో కలపకముందు ఊరి పేరు ఉంటుందని సాచికో గారు ఎగిరి గంతేశారు. అయితే ఆ నగరం మింగినవి ఐదు ఊళ్లు. ఇది ఎవరిదో చూస్తేగానీ తెలియదు.

శనివారం ఎనిమిదింటికి బయల్దేరాం. రానూపోనూ పదిహేను దీనార్లకు టాక్సీ మాట్లాడుకున్నాం. ఫహాహీల్ రోడ్డు మీదుగా ఆరో రింగ్ రోడ్డెక్కి జహ్రా వైపు గంట ప్రయాణం. దారంతా ఆవిడ నా చెయ్యి వదల్లేదు.

ఓబులేసుది రాయచోటి దగ్గర పల్లె. గేటు దగ్గరే ఎదురొచ్చాడు. "బిరీన రాండక్కా! పదింటికి కోస్తారంట. మా ఓనరు, కఫీల్, యల్లా యల్లా అని తొందర పెడ్తాండాడు."

ఇసుకలో నిలబడి ఉంది వెలిసిన నీలం రంగు లోడర్. మంచు బండికి ఈ ఎండలో ఏం పనో! తీరా చూస్తే తలుపు మీద ఒక్క అక్షరం లేదు. అమ్మేటప్పుడు అంటించిన అక్షరాలు ఊడబీకేసినట్టున్నారు. సాచికో గారు ఖాళీ తలుపును నిమిరారు. నాకు ఏడుపొచ్చినంత పనైంది. ఈలోపు కోసేవాళ్లు రానే వచ్చారు.

"రోంత ఆగండి" అని ఓబులేసు జేబులోంచి పసుపు పొట్లం తీశాడు. "బొట్టు పెట్టకుండా నేను ఏ బండినీ కోయనియ్యనక్కా. మా ఊర్లో లారీకి పెడ్తాం గదా, ఇదేం పాపం చేసింది?" అంటూ అరచేత్తో తలుపంతా పూశాడు.

అంతే! ఎండకు మెత్తబడిన పాత జిగురు మీద పసుపు అతుక్కుని, ఒక గీత, ఇంకో గీత, మూడు అక్షరాలు పైకొచ్చాయి. "కిరి! సావా! మాచి!" సాచికో గారు కేక పెట్టి ఏడ్చేశారు. మాచి అంటే వాళ్ల భాషలో చిన్న పట్నం.

ఓబులేసు బిత్తరపోయాడు. "ఏమైందక్కా? పసుపు పెట్టకూడదా యేంది?"

"అది ఆమె ఊరి పేరు ఓబులేసూ!"

"ఊరి పేరా! అట్లయితే కోసి చేతికిస్తా" అని గ్రైండర్ అందుకున్నాడు. పెట్టెలో పట్టేలా పళ్లెమంత రేకు కోసి, గుడ్డ చుట్టి ఇచ్చాడు. ఇచ్చాక అడిగాడు: "మరి మీదే ఊరక్కా?"

కువైట్ వచ్చినప్పటి నుంచీ అందరికీ విజయవాడనే చెబుతున్నాను. నోటిదాకా అదే వచ్చింది. పక్కన సాచికో గారు ఆ రేకును గుండెకు హత్తుకుని ఉన్నారు. "పాయకాపురం" అన్నాను. అదీ ఒకప్పుడు వేరే ఊరే, తర్వాత విజయవాడలో కలిసిపోయింది. ఎన్నేళ్లకు నా నోట విన్నానో ఆ పేరు! చెప్పలేనంత సంతోషమేసింది.

అమ్ఘరా వెళ్లేవాళ్లకు ఒక్క సలహా: మూసిన బూట్లు వేసుకుని తొమ్మిదిన్నరలోపే చేరుకోండి, కోత మొదలైతే ఏదీ మిగలదు. అక్కడ ఓబులేసు కనిపిస్తే మీ ఊరేదని అడుగుతాడు. పక్క నగరం పేరు చెప్పకండి.