ఇరవై ఆరు భుజాలు

మా వదిన ఓడల్లో వచ్చేవాళ్ళకు పాత ఊరు నడిపించి చూపించే గైడు. నేను ఆమె ఆడపడుచును, ఆమె బృందానికి తోకను. తోక అంటే నవ్వకండి, మా పనిలో అదొక ఉద్యోగం. పసుపుపచ్చ గొడుగు పైకెత్తి కథలు చెబుతూ ముందు ఆమె నడుస్తుంది. ఫొటోల కోసం ఆగిపోయేవాళ్ళనూ, దుకాణాల్లోకి జారుకునేవాళ్ళనూ అదిలించుకుంటూ చిట్టచివర నేను వస్తాను. నాకు ఓపిక తక్కువ, నోరు ఎక్కువ.

"మరదలా, వాళ్ళు మనింటి పిల్లలు కాదే. అలా కసురుకోకు" అంటుంది వదిన.

"నువ్వు ముద్దు చెయ్యి, నేను కసురుతాను. ఇద్దరం ముద్దు చేస్తే సాయంత్రానికి సగంమందే మిగులుతారు" అంటాను నేను.

ఓడ పొద్దున ఎనిమిదికి రేవులో ఆగుతుంది. సాయంత్రం ఐదుకు వెళ్ళిపోతుంది. నాలుగున్నరకే మెట్లు ఎత్తేస్తారు. అప్పటికి చేరని మనిషి కోసం ఓడ ఆగదు. అందుకే మా పనిలో కథలకంటే లెక్క ముఖ్యం. వదిన లెక్క ఎలా ఉంటుందంటే, ఇరుకు గుమ్మం వచ్చినప్పుడల్లా పక్కన నిలబడి, దాటుతున్న ఒక్కొక్కరి భుజం తడుతుంది. ఒకటి, రెండు, మూడు. "ఎంత ఆప్యాయంగా తడతారో" అని వాళ్ళు మురిసిపోతారు. వాళ్ళకేం తెలుసు, ఆమెకు ఆ భుజాలు సరిగ్గా కనిపించవు.

రెండేళ్ళ కిందట వదిన మా మేడమెట్ల మీద బకెట్ తన్నుకుని పడింది. బకెట్ అక్కడ పెట్టినందుకు నన్ను దులిపేసింది. మర్నాడు సగం తెరిచిన తలుపుకు నుదురు కొట్టుకుంది. తలుపు నేను పెట్టింది కాదు కదా, అప్పుడు అనుమానం వచ్చి కళ్ళ డాక్టరు దగ్గరికి లాక్కెళ్ళాను. ఆయన చాలాసేపు చూసి, "పక్కచూపు పోతోందమ్మా. గొట్టంలోంచి చూసినట్టు మధ్యలోదే మిగిలింది. అదీ ఎన్నాళ్ళో చెప్పలేను. మందు లేదు. జనాన్ని వెంటేసుకుని తిరిగే పని మానెయ్యండి" అన్నాడు.

వీధిలోకి రాగానే వదిన నా చెయ్యి పట్టుకుంది. ఆ పట్టుకు నా గాజు విరిగింది.

"మీ అన్నయ్యకి చెప్పావో, జన్మలో నీతో మాట్లాడను. ఎదురుగా ఉంటే చీమైనా కనిపిస్తుందే నాకు. పక్కన ఏనుగు నిలబడితే తెలీదు, అంతేగా! ఈ ఊళ్ళో ఏనుగులెక్కడున్నాయి?"

నవ్వాను. నవ్వి తప్పు చేశాను.

"పదిహేడేళ్ళయిందే ఈ పనిలో. ఒక్క మనిషిని పోగొట్టుకోలేదు. ఇంట్లో కూర్చోబెడితే రెండో రోజుకే పిచ్చెక్కుతుంది నాకు" అంది. పెళ్ళికి ముందు ఆమె కోట దగ్గర టికెట్ల కిటికీలో కూర్చునేది. గైడులు చెప్పేది వినీ వినీ వాళ్ళకంటే బాగా చెప్పడం నేర్చుకుంది. ఆమె రాళ్ళ గురించి చెబుతుంటే నేను కూడా నోరు తెరుచుకుని వింటాను, ప్రతిసారీ. ఆ గైడు కార్డు ఆమె మెడలోంచి తీయించడానికి నాకు మనసు ఒప్పలేదు. ఏటా లైసెన్సు కోసం గోడ మీది అక్షరాలు చదివిస్తారు. అవి ఎదురుగా ఉంటాయి కాబట్టి చివరి వరస కూడా గడగడా చదివేస్తుంది.

అప్పటినుంచి నాకు భయం పట్టుకుంది. ఓడ వచ్చే రోజున అన్నం ముద్ద గొంతు దిగదు. మెట్లు వస్తే భయం, సైకిలు వస్తే భయం, రోడ్డు మీద ఎవరైనా గొయ్యి తవ్వారేమోనని భయం. వెనకనుంచి "వదినా, ఎడమ పక్క!" అని అరవడం అలవాటైపోయింది. అదేదో మా ఆట అనుకునేవాళ్ళు జనం.

ఆ రోజు మా బృందంలో ఆకుపచ్చ చొక్కా వేసుకున్న పెద్దాయన ఒకరు ఉన్నారు. ఆయన కూతురికి బస్సు దిగుతుంటే కాలు మడత పడింది. ఆమె చౌకులోని కాఫీ కొట్టు దగ్గరే ఉండిపోతూ, ఆయన చేతిని తెచ్చి నా చేతిలో పెట్టింది.

"మా నాన్నకి మతిమరుపండీ. కొత్త చోట ఒక్కోసారి తన పేరు కూడా చెప్పలేరు. సముద్రం చూడాలని ఒకటే గోల. ఒక్క గంట తిప్పి తీసుకురండి చాలు. చెయ్యి మాత్రం వదలకండి."

"నా చేతిలోంచి ఎక్కడికీ పోరు, మీరు నిశ్చింతగా కాఫీ తాగండి" అన్నాను. ఆ మాట అన్నది నేనే. ఆమె కాకుండా ఇరవై ఆరుగురు బయలుదేరారు.

కోట కింద ఒక సొరంగం దారి ఉంది. నలభై మెట్లు, ఎప్పుడూ తడిగానే ఉంటాయి. ఇద్దరు ఎదురుపడితే గోడకు అతుక్కుని దారి ఇవ్వాలి. మేము దిగుతుంటే అదే ఓడకు చెందిన ఇంకో బృందం ఎక్కుతూ ఎదురైంది. వాళ్ళ గైడు ఈల ఊదుకుంటూ నడిపిస్తాడు, అందుకే ఆయన్ను అందరం ఈలాయన అంటాం. సరిగ్గా అప్పుడే మధ్యలో దీపం ఆరిపోయింది. కింది గుమ్మంలోంచి వచ్చే మసక వెలుగులో ముందున్న గొడుగు ఆగిపోవడం చూశాను. వదిన కాలితో మెట్టు కోసం వెతుకుతోంది. మెట్టు ఆమె వెతికే చోట లేదు.

పెద్దాయన చేతిని గోడకున్న ఇనుపకమ్మీ మీద పెట్టి, "తాతగారూ, ఇది పట్టుకుని ఇక్కడే నిలబడండి, ఒక్క నిమిషం" అని, జనాన్ని తోసుకుంటూ ముందుకు వెళ్ళి వదిన మోచెయ్యి పట్టుకున్నాను. కిందిదాకా దింపాను. ఆమె కింది గుమ్మం దగ్గర నిలబడి భుజాలు తట్టింది.

"ఇరవై ఆరు. సరిపోయింది, పద" అంది. సరిపోయిందన్న మాట వినగానే నాకు ప్రాణం లేచొచ్చింది. పెద్దాయన కూడా ఆ లెక్కలోనే ఉన్నారనుకున్నాను, వెనక్కి తిరిగి ముఖాలు చూడాలని తోచలేదు.

కాఫీ కొట్టు దగ్గరికి చేరేసరికి మూడు దాటింది. కూతురు కుంటుకుంటూ లేచి, "నాన్నేరీ?" అంది.

అప్పుడు చూశాను. ఇరవై ఆరుగురూ ఉన్నారు. అందులో పెద్ద టోపీ పెట్టుకున్న ఒకావిడ మావాళ్ళలో మనిషి కాదు. "మీ గైడు కథలు బాగున్నాయని మెట్ల మీదినుంచి ఇటు వచ్చేశాను" అని నవ్వింది ఆ మహాతల్లి. ఆవిడ ఇటు వచ్చింది, పెద్దాయన అటు పోయారు. వదిన చెయ్యి తట్టింది ఆవిడ భుజాన్ని.

ఈలాయనకు ఫోన్ చేశాం. "ఆకుపచ్చ చొక్కానా? కోటగోడ ఎక్కేటప్పుడు మా వెనకే ఉన్నాడు. దిగాక చూడలేదు" అన్నాడు.

కోటగోడ మూడంతస్తుల ఎత్తు. దాని కింద పాడుబడిన బావి ఉంది, మూత కూడా లేదు. కూతురు గుండెలు బాదుకుంటోంది. వదిన ముఖం తెల్లగా పాలిపోయింది. అయినా గొడుగు నా చేతిలో పెట్టి, "గోడ మీద అడుగడుగూ నాకు తెలుసు. నేను పైకి వెళ్తాను. నువ్వు బావి చూసి రా" అని పరుగులాంటి నడకతో వెళ్ళిపోయింది. వద్దని అనాల్సింది. ఆ క్షణాన నాకు పెద్దాయన తప్ప ఇంకేమీ గుర్తులేదు.

బావిలోకి వంగి చూశాను. చీకటి. "తాతగారూ!" అని పిలిస్తే నా గొంతే తిరిగొచ్చింది. రాయి ఒకటి వేశాను, నీళ్ళ చప్పుడు వచ్చింది. నీళ్ళ మీద ఏదో పచ్చగా తేలుతున్నట్టు అనిపించి నా పైప్రాణాలు పైనే పోయాయి. కళ్ళు నులుముకుని మళ్ళీ చూశాను. అది నాచు. అక్కడే కూలబడి ఏడుద్దామనిపించింది, కానీ టైము లేదు. గోడ మెట్లు ఎక్కాను.

పైన వాళ్ళిద్దరూ ఉన్నారు. పెద్దాయన దొరికారు! ఆయన చెయ్యి పట్టుకుని వదిన నెమ్మదిగా నా వైపే నడిపించుకొస్తోంది. సముద్రం బాగా కనబడాలని ఆయన్ను అటువైపు ఉంచి, తను ఊరివైపు అంచున నడుస్తోంది. ఊరివైపు ఎప్పుడూ ఇనుప రెయిలింగు ఉంటుంది. ఆ రోజు ఒకచోట నాలుగు బారల మేర లేదు. మరమ్మతుకు పీకేసినట్టున్నారు, అడ్డంగా కట్టిన తాడు కూడా తెగి కింద పడి ఉంది. వదిన ఎదురుగా బురుజును చూస్తూ, ఏదో పాత యుద్ధం గురించి చెబుతూ, ఆ ఖాళీలోకి వచ్చేసింది. ఒక్కో అడుగూ ఇంకాస్త పక్కకు పడుతోంది. ఆయన ముందుకు చూడటం లేదు, సముద్రాన్ని చూస్తున్నారు.

నోరు పెగల్లేదు. ఊరంతా వినపడే నోరు నాది, ఆ క్షణాన పెగల్లేదు. తర్వాత ఎలా వచ్చిందో, "ఆగు!" అని అరిచాను.

ఆమె ఆగింది. ఆమె చెప్పు కిందనుంచి ఒక పెంకు జారి కిందికి పోయింది. అది నేలను తాకిన చప్పుడు విన్నాను. పరుగెత్తి ఆమెకూ అంచుకూ మధ్యలో దూరి, నడుం పట్టుకుని ఇవతలికి లాగాను.

"ఏంటే ఆ అరుపు! పెద్దాయన బెదిరిపోరూ?" అని కసిరింది.

"ఈవిడెవరమ్మా?" అన్నారాయన.

"మా ఆడపడుచు లెండి. నోరు పెద్దది, మనిషి మంచిదే" అంది వదిన.

"ఎండకి కళ్ళు తిరిగాయి వదినా" అన్నాను. ఆయన ముందు చెబితే ఉలిక్కిపడి చెయ్యి లాక్కుంటారేమోనని భయం. కిందికి దిగేదాకా ఇద్దర్నీ గోడకు అదిమి నడిపించాను.

నాలుగూ ఇరవైకి రేవులో ఉన్నాం. కూతురు తండ్రిని పట్టుకుని ఏడ్చి, ఆ తర్వాత వదిన రెండు చేతులూ కళ్ళకద్దుకుంది. "మీరు లేకపోతే మా నాన్న నాకు దక్కేవారు కాదు" అంది. వదిన కళ్ళు మెరిశాయి. "పంతొమ్మిదేళ్ళలో ఒక్కర్నీ పోగొట్టుకోలేదమ్మా" అంది.

గుడారం కింద బల్ల వేసుకుని కూర్చున్న మా ఇన్‌చార్జి కూడా లేచి వచ్చాడు. "శెభాష్! ఎల్లుండి పెద్ద ఓడ వస్తోంది. రెండు బృందాలు మీకే రాస్తున్నాను. పొద్దున ఒకటి, మధ్యాహ్నం ఒకటి."

"అలాగే సార్" అంది వదిన.

రెండు బృందాలు. అంటే యాభైమంది. ఆ పెంకు చప్పుడు ఇంకా నా చెవుల్లోనే ఉంది.

"ఆమెకు ఇవ్వకండి సార్. ఆమెకు కళ్ళు సరిగ్గా కనిపించవు" అన్నాను.

వదిన నా గొంతు వచ్చిన వైపు గిరుక్కున తిరిగింది. ఇన్‌చార్జి పకపకా నవ్వి, బల్ల మీది కాగితం తీసి, పక్కనుంచి చెయ్యి చాచి ఆమె ముఖానికి ఎదురుగా పట్టుకున్నాడు. "చదవండమ్మా." ఆమె చదివింది. ఓడ పేరు, వేళలు, అట్టడుగున చీమకాళ్ళలాంటి అక్షరాల్లో ఉన్న ఫోన్ నంబరు, ఒక్కటీ తప్పు పోలేదు.

"విన్నావా? ఇంట్లో గొడవలు ఇంట్లో చూసుకోవాలి. ఆడపడుచు బుద్ధి చూపించావుగా!" అన్నాడు. చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. వదిన కూడా నవ్వింది. ఆ నవ్వు చూసి నాకు ఒళ్ళు మండిపోయింది, ఏడుపూ వచ్చింది.

"గోడ మీద రెయిలింగు లేదు వదినా."

"ఏ రెయిలింగు?"

"ఊరివైపుది. నాలుగు బారలు పీకేశారు. నువ్వు ఆ ఖాళీ అంచు మీద నడుస్తున్నావు. ఎండా లేదు, కళ్ళు తిరగడమూ లేదు. ఇంకొక్క అడుగు వేసి ఉంటే పోయేదానివి. అందుకే అరిచాను."

ఎవరూ నవ్వలేదు. పెద్దాయన కూతురు తండ్రిని దగ్గరికి లాక్కుంది.

"అప్పుడు ఆయన చెయ్యి నా చేతిలోనే ఉందా?" అని మెల్లగా అడిగింది వదిన.

"ఉంది."

"గట్టిగానే పట్టుకున్నాను" అంది. ఆ మాట తనకు తను చెప్పుకున్నట్టు అంది. తర్వాత ఇంకా ముఖం ముందున్న కాగితం వైపే చూస్తూ, "ఈ కాగితం బాగానే కనిపిస్తోంది సార్. దీన్ని పట్టుకున్న మీరు కనిపించడం లేదు" అంది.

మెడలోంచి కార్డు తీసి, తాడుతో సహా ముందుకు చాచింది. ఇన్‌చార్జి ఆమెకు కుడిపక్కన నిలబడి ఉన్నాడు. ఆమె చాచింది నా వైపు. నేనే తీసుకున్నాను.