ఒరాకౌలో పెరుగన్నం ముద్ద

2006లో హామిల్టన్‌లోని మా అమ్మాయి ఇంట్లో ఉన్నప్పుడు, ఒక ఆదివారం ఒరాకౌ చూడటానికి వెళ్లాం. ఆ దేశపు మూలవాసులైన మావోరీలకూ బ్రిటిష్ సైన్యానికీ వైకాటో ప్రాంతంలో జరిగిన యుద్ధం అక్కడి ముట్టడితోనే ముగిసింది. మట్టికోటలో చిక్కుకున్న మావోరీలు మూడు రోజులు నీళ్లు కూడా లేకుండా పోరాడారని అమ్మాయి కారులో చెప్పింది. ఇప్పుడక్కడ కోట లేదు. రోడ్డు పక్కన ఒక స్మారక శిల, చుట్టూ ఆవులు మేసే పొలాలు ఉన్నాయి.

పోయినవాళ్లకు ముద్ద పెట్టడం మన అలవాటు. మధ్యాహ్నానికి తెచ్చుకున్న పెరుగన్నంలోంచి ఒక ముద్ద తీసి శిల ముందు ఉంచి దండం పెట్టాను.

అక్కడే ఉన్న ఒక మావోరీ పెద్దావిడ గబగబా వచ్చింది. "దయచేసి అది తీసెయ్యండి. మావాళ్లు ఇక్కడే పడిపోయారు. పోయినవాళ్ల చోటికి మేం తిండి తేము," అంది ఇంగ్లీషులో.

"నన్నొక్క మాట అడగొచ్చుగా నాన్నా!" అంది అమ్మాయి.

"ఆకలిదప్పులతో పోయారని నువ్వేగా చెప్పావు?"

"చెప్తే వడ్డించేస్తారా?"

ముద్ద తీసి డబ్బాలో వేసుకుని ఆవిడను క్షమించమన్నాను. ఆవిడ తన సీసాలోని నీళ్లు నా చేతుల మీద పోసింది. అది క్షమాపణ అందినట్టో, మైల కడిగినట్టో నాకు అర్థం కాలేదు.

నలభై ఏళ్లుగా నా డైరీలో ప్రతి పేజీ చివర ఆ రోజు చేసిన మంచి ఒకటి, తప్పు ఒకటి రాస్తున్నాను. ఆ రోజు రెండు చోట్లా ఆ ముద్దనే రాశాను. ఏది కొట్టెయ్యాలో ఇప్పటికీ తెలియదు.