డ్రమ్ముల వెనక నుంచి ఐలా

ఐలా నియెమి మొహం ఎలా ఉంటుందని ఎవరైనా అడిగితే నేను పోస్టరు చూసి చెప్పాలి. వీపు గురించి అడిగితే మాత్రం కళ్ళు మూసుకుని చెప్తాను. ముప్పై ఏళ్ళకు పైగా ఆమె ముందు నిలబడి అరిచింది, నేను వెనక కూర్చుని డ్రమ్ములు బాదాను. ఊపిరి తీసుకునే ముందు ఆమె ఎడమ భుజం కొద్దిగా లేస్తుంది. కోపమొస్తే మెడ కింద నరం బిగుస్తుంది. ముందు వరస తోపులాటలో ఎవరైనా కింద పడితే వెనక్కి తిరక్కుండానే కుడి అరచెయ్యి నా వైపు చాపుతుంది. ఆపు, అని. నేను ఆపేస్తాను. పడ్డవాళ్ళను లేపి నిలబెట్టాకే మళ్ళీ పాట. మా బ్యాండులో ఉన్న నియమం అదొక్కటే.

మాది కెనడాలోని సడ్‌బరీ, నికెల్ గనుల ఊరు. మా బ్యాండు పేరు బ్యాడ్ షిఫ్ట్. పంక్ సంగీతమంటే మూడు స్వరాలు, బోలెడంత కోపం అనేవాడు గిటారు వాయించే మా రస్. ఈ మధ్య ఆ జాబితాలో మోకాళ్ళ నొప్పులు కూడా చేర్చాడు. బేసు గిటారు వాళ్ళు అద్దెకున్నవాళ్ళలా వస్తూ పోతూ ఉండేవారు. మిగిలింది మేం ముగ్గురమే. పాత వ్యాను, దాని హీటరు, ఆ హీటరును తిట్టడం కూడా మాతోనే మిగిలాయి.

ఐలా వాళ్ళు ఫిన్లండు వాళ్ళు. నాన్న ఐనో గనిలో పనిచేసేవాడు. చెరువు పక్కన వాళ్ళ ఇంటి వెనక చెక్కతో కట్టిన ఆవిరి గది ఉండేది. అందరూ అందులో చెమట పట్టించుకుంటే ఐలా అరుపులు సాధన చేసేది. ఇరుగుపొరుగుకు వినబడదని ఆమె నమ్మకం. చెరువు అవతలి గట్టున ఉన్న మా ఇంటికి శుభ్రంగా వినబడేది.

ఒకసారి వాళ్ళ నాన్న తలుపు బాదడం నేను స్వయంగా చూశాను.

"లోపలెవర్నైనా చంపుతున్నావేంటే?"

"ఇంకా లేదు నాన్నా!" అంది లోపల్నుంచి.

అలా అరిచే పిల్లకు వెనక ఎవరో ఒకరు చప్పుడు చెయ్యాలనిపించింది నాకు. చర్చిలో నేర్చుకున్న డ్రమ్ములు అందుకు పనికొచ్చాయి. మా మొదటి కచేరీ ఉక్రేనియన్ల హాల్లో జరిగింది. ఎవరిదో పెళ్ళి విందు ఆగిపోవడంతో హాలు ఖాళీగా దొరికింది. వండేసిన క్యాబేజీ చుట్టలు మాకే పెట్టారు. ఆ రోజు ఐలా వేసుకున్నది నాన్న గని చొక్కా. చేతులు మడిచి మడిచి మోచేతుల దాకా తెచ్చుకుంది. ఆ తరవాత బట్టల కోసం ఎన్ని చోట్ల తిరిగినా అంతకంటే ఆమెకు నప్పింది ఏదీ లేదు.

మాకు పేరు తెచ్చిన పాట ఒక్కటే. 'ఇంకా రాలేదు.' చరణాలు ఏమిటో ఎవరికీ అర్థమయ్యేవి కావు, అంత వేగం, అంత అరుపు. చివర్లో పల్లవి మాత్రం అందరికీ నోటికొచ్చు. "ఇంకా రాలేదు! ఇంకా రాలేదు!" అని వాంకూవర్ నుంచి హాలిఫాక్స్ దాకా పిల్లలు పిడికిళ్ళు ఎత్తి అరిచారు. బీరు ఆలస్యమైనా అదే, బస్సు ఆలస్యమైనా అదే. టొరంటోలో ఒక రికార్డుల కంపెనీ ఆ పాటను చూసి మమ్మల్ని తీసుకుంది, ఇంకో అలాంటి పాట రాకపోయేసరికి వదిలేసింది. ఐలా తిరిగొచ్చి ఆసుపత్రి బట్టలుతికే చోట పనికి చేరింది. పర్యటన వచ్చినప్పుడు మానేసేది, అయిపోయాక మళ్ళీ చేరేది. అక్కడి మేనేజరు మంచిది కాబట్టి ఊరుకుంది. పెళ్ళి మాత్రం అంత ఓపిగ్గా ఊరుకోలేదు. మూడో చలికాలం పర్యటన నుంచి వ్యాను తిరిగొచ్చేసరికి మొగుడు ఇంట్లో లేడు. ఆమె పెద్దగా ఏడవలేదు. "నేనూ లేను కదే," అంది అంతే.

గొంతు పాడవడం మొదలై చాలా కాలమే అయ్యింది. పార పట్టిన చేతులకు కాయలు కాసినట్టే ఆమె గొంతులోనూ కాశాయి. డాక్టరు దాచకుండా చెప్పింది. ఇప్పుడే ఆపరేషను చేయించుకుని, అరుపులు పూర్తిగా మానేస్తే మామూలుగా మాట్లాడే గొంతైనా మిగులుతుంది. ఇలాగే అరుస్తూ పోతే అదీ మిగలదు.

"పర్యటన అయ్యాక చేయించుకుంటా," అంది ఐలా.

"అయ్యేలోగా మూగదానివైపోతే?" అన్నాను.

"ఇంట్లో కూర్చుని మాట్లాడ్డానికి నాకెవరున్నారే?"

నాకు ఒళ్ళు మండిపోయింది. నేనున్నానుగా అనాలనుకున్నాను, అనలేదు. బ్యాండులో అలాంటి మాటలు అనుకునే అలవాటు మాకు లేదు.

గొంతు పట్టేసినప్పుడు ఆమెకో ఉపాయం దొరికింది. పల్లవి రాగానే ముందుకు వంగి మైకును జనం వైపు చాపేది. వాళ్ళే పాడేవారు. జనం పొంగిపోయారు. మా ఐలా పాటను మా చేతికే ఇచ్చిందని కళ్ళనీళ్ళు పెట్టుకున్నారు. ఒక పత్రికలో ఏ గాయనీ జనాన్ని ఇంతగా నమ్మలేదని రాశారు. ఆమె అసలు ఎందుకు అలా చేస్తోందో వాళ్ళకెలా తెలుస్తుంది? వాళ్ళకు కనబడేది ముందు వైపు. ఊపిరి తీసుకోబోయి సగంలోనే దిగిపోయే ఎడమ భుజం నాకు కనబడేది. మెల్లగా పల్లవితో పాటు చరణాలు కూడా జనానికే వెళ్ళిపోయాయి. చరణాలు ఎవరికీ రావు కాబట్టి ఎవరికి తోచింది వాళ్ళు అరిచేవారు. తేడా ఎవరికీ తెలియలేదు.

ఆ పర్యటన ఉత్తరాది చిన్న ఊళ్ళ మీదుగా తిరిగి చివర్లో సడ్‌బరీకి రావాలి. కోక్రన్‌లో మాకు మాజీ సైనికుల హాలు దొరికింది. ఆ రోజు ఒకటే మంచు. దానికి తోడు టీవీలో హాకీ మ్యాచ్. వచ్చినవాళ్ళు పట్టుమని పదిమంది లేరు. వాళ్ళు కూడా మా కోసం వచ్చినవాళ్ళు కారు, రోజూ అక్కడే కూర్చునేవాళ్ళు. బారు చూసుకునే పెద్దావిడ చెవుల్లో దూది కుక్కుకుని గ్లాసులు తుడుస్తోంది.

ఎలాగో లాక్కొచ్చాం. చివరి పాట, 'ఇంకా రాలేదు.' మొదటి చరణం మధ్యలోనే ఐలా గొంతులోంచి ఉత్త గాలి వచ్చింది. రస్ నా వైపు చూశాడు. నేను ఇంకా గట్టిగా బాదాను, అంతకంటే నాకేం చేతనవును? పల్లవి వచ్చింది. ఐలా అలవాటుగా ముందుకు వంగి మైకు చాపింది.

ఎవరూ పాడలేదు. వాళ్ళకు ఆ పాటే తెలియదు. మైకుకు దగ్గరగా కూర్చున్న ముసలాయన, తనకే ఇస్తోందనుకుని, మర్యాదగా టోపీ తీసి మైకులో అన్నాడు:

"అయ్యో, నాకు పాటలు రావమ్మా."

అది హాలంతా మోగింది. మరో రోజైతే నవ్వి చచ్చేవాళ్ళం. అప్పుడు ఐలా కుడి అరచెయ్యి నా వైపు చాపింది. ఆపు, అని. అలవాటు కొద్దీ ఆపేసి ఎవరు పడ్డారా అని నేల మీద వెతికాను. నేల మీద ఎవరూ లేరు. పడింది ఎవరో అప్పుడు అర్థమైంది.

ఆమె ఒక కుర్చీ లాక్కుని, జనానికీ నాకూ మధ్యలో పక్కకు తిరిగి కూర్చుంది. పాడలేదు. మామూలుగా, వంటింట్లో మాట్లాడినట్టు, మిగిలి ఉన్న ఆ బొంగురు గొంతుతో చరణాలు చెప్పింది. గని కూత వినబడింది. అమ్మ నాలుగు పళ్ళాలు పెట్టింది, మూడు కడిగింది. నాలుగోది వేడిగా ఉండాలని పొయ్యి లోపలి అరలో పెట్టింది. ముందు బంగాళాదుంప ఎండింది, తరవాత అమ్మ. నాన్న దారిలో ఏ బారులో ఆగాడో అందరికీ తెలుసు, ఎవరూ అనరు. చెల్లెలు అడుగుతుంది, నాన్న వచ్చాడా? ఇంకా రాలేదు.

ఇన్నేళ్ళూ నేను ఆ పాటకు డ్రమ్ములు వాయించాను, ఒక్క ముక్క వినలేదు. వెనక కూర్చున్నవాళ్ళకు మాటలు వినబడవు, చప్పుడే వినబడుతుంది. ఇప్పుడు ఆమె మొహం పక్క నుంచి కనబడుతోంది. అలిసిపోయిన మొహం. వాళ్ళమ్మ మొహమే.

పాట అయిపోయాక ఎవరూ చప్పట్లు కొట్టలేదు. బారు పెద్దావిడ చెవుల్లోంచి దూది ఎప్పుడు తీసేసిందో, గ్లాసు పక్కన పెట్టి అడిగింది.

"ఇంతకీ వచ్చాడా తల్లీ మీ నాన్న?"

ఆ ప్రశ్న ఐలాను అంతకుముందు ఎవరూ అడగలేదు.

"వచ్చాడండీ. తాగుడు మానేసి, పదవీ విరమణ చేసి, రోజూ చీకటి పడకముందే ఇంటికొచ్చి బల్ల దగ్గర కూర్చునేవాడు. అప్పటికి నేను లేను. వ్యానులో ఎక్కడో ఉన్నాను."

"అయితే నీ పళ్ళెం పొయ్యిలో పెట్టి ఉంటాడు," అంది పెద్దావిడ. "అవునా కాదా?"

ఐలా తల ఊపింది. పెద్దావిడ వెళ్ళి మాకందరికీ వేడి చారు తెచ్చి పెట్టింది.

వ్యానులో కోక్రన్ దాటాం. చివరికి నేనే కదిపాను.

"ఇన్నాళ్ళూ ఇదా నువ్వు పాడింది?"

"మరేమనుకున్నావే?"

"ప్రభుత్వాన్ని తిడుతున్నావనుకున్నా."

"వాళ్ళని రెండో పాటలో తిట్టానులే," అంది. తరవాత కిటికీ వైపు తిరిగి, "బెర్నీ, నాకు మాట్లాడే గొంతు కావాలే," అంది. "చారు బావుందని ఆవిడతో చెప్దామనుకున్నా. రాలేదు."

మర్నాడు పొద్దున్నే నేను డాక్టరుకు ఫోను చేశాను. సడ్‌బరీ కచేరీ అయిన మరుసటి రోజుకే ఆపరేషను ఖాయమైంది. అసలు కచేరీయే వద్దన్నాను. రస్ ఒప్పుకోలేదు.

"టిక్కెట్లన్నీ అయిపోయాయి. హాలు నిండా మనవాళ్ళే. అది నోరు తెరవక్కర్లేదు, మైకు పట్టుకు నిలబడితే వాళ్ళే పాడేస్తారు."

"ముందు వాళ్ళకి చెప్తాను," అంది ఐలా. "గొంతు ఉన్నట్టు నటిస్తూ నిలబడలేను ఇంక. ఓపిక లేదు."

చెప్పింది కూడా. సడ్‌బరీలో వేదిక మీదికి రాగానే మైకు పెదాలకు ఆనించి, గుసగుసగా, "నా గొంతు పోయింది," అంది. హాలు వెనక నుంచి ఎవరో, "అయితే మా గొంతు తీసుకో ఐలా!" అని అరిచారు. కప్పు ఎగిరిపోయేంత కేక లేచింది. అది కొత్త ఆట అనుకున్నారు. నిజమని ఒక్కరికీ తోచలేదు. వాళ్ళ మీద కోపం రావాలి నాకు. రాలేదు. ఇస్తామన్నది మనస్ఫూర్తిగానే ఇచ్చారు.

పాటలన్నీ వాళ్ళే పాడారు. 'ఇంకా రాలేదు' వచ్చినప్పుడు ఐలా మైకును ముందు వరసలో ఒక అమ్మాయి చేతిలో పెట్టేసి, జనానికి వీపు చూపించి నా వైపు తిరిగింది. మొట్టమొదటిసారి ఆమె మొహం నాకు, వీపు వాళ్ళకు. వెనక వందలమంది తప్పు మాటలు అరుస్తున్నారు. నా ముందు ఆమె పెదాలు చప్పుడు లేకుండా అసలు మాటలు కదిపాయి. నాలుగు పళ్ళాలు, మూడు కడిగింది. నవ్వుతోంది, ఏడుస్తోంది. నాకూ కళ్ళు కనబడలేదు. అయినా తాళం తప్పలేదు. ఆమె కోసం నేను చెయ్యగలిగింది అదొక్కటే, అది సరిగ్గా చేశాను.

ఆపరేషను తరవాత చాలా వారాలు మాట్లాడకూడదన్నారు. రోజూ సాయంత్రం నేను వెళ్ళి కూర్చునేదాన్ని. నేనే వాగేదాన్ని, ఆమె చెయ్యి తిప్పి చాలించమనేది. చివరికి సన్నటి దారంలాంటి గొంతు మిగిలింది. ఎదురుగా కూర్చుంటే వినబడుతుంది, గది దాటితే వినబడదు. బట్టలుతికే చోట యంత్రాల మోతలో ఎవరికీ అదీ వినబడదు కాబట్టి ఆమె అక్కడ హాయిగా ఉందట. పనయ్యాక నేరుగా ఇంటికొస్తుంది. చీకటి పడకముందే. బంగాళాదుంపలు ఉడకేస్తుంది, నాకూ పళ్ళెం పెడుతుంది.

మొన్న మేమిద్దరం క్యాబేజీ కొనుక్కుని రోడ్డు దాటుతుంటే ఒక ట్రక్కు పక్కన ఆగింది. నడినెత్తి బట్టతల, నెరిసిన గడ్డం ఉన్న మనిషి అద్దం దించి ఐలాను గుర్తుపట్టాడు. చిన్నపిల్లాడిలా పిడికిలి ఎత్తి, "ఇంకా రాలేదు!" అని గొంతు చించుకుని అరిచాడు. ఐలా సంచీ నా చేతికిచ్చి తనూ పిడికిలి ఎత్తింది. అతను హారను కొట్టుకుంటూ సంబరంగా వెళ్ళిపోయాడు.

ట్రక్కు మలుపు తిరిగేదాకా ఆమె చెయ్యి దించలేదు. తరవాత ఆ దారంలాంటి గొంతుతో, "వచ్చేశాను నాయనా," అంది. అతనికి ఎలాగూ వినబడదు. నేను పక్కనే ఉన్నాను కాబట్టి నాకు వినబడింది.