హంపమ్మ అనని మాట

పత్తికొండకు పడమరగా ఉన్న ఆ ఊళ్ళో రంగన్న బావి తెలియనివాళ్ళు లేరు. ఎండాకాలం చుట్టుపక్కల బావులన్నీ అడుగు రాయి చూపించినా దీంట్లో మాత్రం ఎద్దులతో కపిల తోలుకోవడానికి చాలినన్ని నీళ్ళుంటాయి. దారిన పోయేవాళ్ళు దిగి, నాలుగు దోసిళ్ళు తాగి, రంగన్న పేరు చెప్పుకొని పోతారు.

తవ్వింది ఇద్దరు. గడ్డపార రంగన్నది, గంప అతని పెళ్ళాం హంపమ్మది. బావి లోతయ్యే కొద్దీ గడ్డపార వేసేవాడికి పెద్ద తేడా ఏమీ ఉండదు, నిలబడ్డ చోటే నిలబడి తవ్వుకుంటాడు. గంప మోసే మనిషికే మెట్లు పెరుగుతాయి. అది కరువు ముదిరిన కాలం. సర్కారువాళ్ళు పోసే గంజికి ఊరంతా బారులు తీరితే, హంపమ్మ ఇద్దరి వంతూ చెంబులో పట్టించుకొని చేనుకు తెచ్చేది. రంగన్న తాగినంత తాగాక మిగిలింది తను తాగి మళ్ళీ గంప ఎత్తుకునేది. ఆ మెట్ల మీదే ఒక మధ్యాహ్నం ఆమెకు కడుపు పోయింది. గంప పక్కన పెట్టి, చెట్టు లేని ఆ చేలో గట్టు నీడన కాసేపు పడుకొంది. ఆ తర్వాత మళ్ళీ కడుపు నిలవలేదు.

నీళ్ళు పడ్డాయి. చేను పచ్చబడింది. పచ్చబడ్డ చేనుకు వారసుడు కావాలని రంగన్నకు గుర్తొచ్చింది. ఆలూరు వైపు నుంచి నాగక్కను రెండో పెళ్ళి చేసుకొని వచ్చాడు.

హంపమ్మ నాగక్కను ఒక్క మాట అనలేదు. పదహారేళ్ళ పిల్లను అని ఏం లాభం? ఆమె అడిగింది ఒకటే, బావి కింద చేలో సగం. అడిగితే రంగన్న నవ్వాడు. అందుకని పంచాయితీ పెట్టించింది.

ఆ ఊళ్ళో ఆడమనిషి చావడి ఎక్కకూడదు. వ్యాజ్యం ఆమెదే అయినా ఆమె కింద గోడవార నిలబడాలి. తరపున తండ్రో, అన్నో పైకెక్కి చెప్పాలి. ఈ పద్ధతి ఎవరు పెట్టారని అడిగినవాళ్ళు అంతవరకూ లేరు. హంపమ్మ తరపున ఆమె అన్న అయ్యన్న వచ్చాడు.

"అన్నా, ఒక్క మాటే చెప్పు. బాయి ఇద్దరం తవ్వినాము, బాయి కింద సగం నాకియ్యల్ల. ఇంగేమీ అడగొద్దు."

"అట్లే సెల్లా. నేనుండా గదా, నీకేల భయం?"

పైకెక్కాక అయ్యన్న భుజం మీది తువ్వాలు తీసి చేత్తో పట్టుకున్నాడు. ఊరి పెద్ద హనుమన్న ముందు కాస్త వంగాడు.

"మా సెల్లెలు ఏమీ కోరుకోలే పెద్దాయనా. మొగుని ఇంట్లో ఒక మూల పడుంటాదంట. మీరే పెద్ద మనసు చేసుకోవల్ల."

కింద నుంచి హంపమ్మ కేక వేసింది.

"అది కాదు! అన్నా, నేను చెప్పింది అది కాదు!"

హనుమన్న మెడ సాచి చూశాడు. "ఏమంటాందప్పా కింద?"

"ఏడుస్తాంది పెద్దాయనా. మొగుడంటే పాణం దానికి."

చావడి అంచున కూర్చున్న బడిపంతులు సుబ్బయ్య కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు. మంచి మనిషి. కర్నూలులో చదువుకొని వచ్చినవాడు, ఆడవాళ్ళ కష్టాల గురించి పత్రికలకు కథలు రాస్తాడు. ఆ రోజు ఆయనకు నిజంగానే కళ్ళు చెమ్మగిల్లాయి.

తీర్పు అయిపోయింది. హంపమ్మకు పశువుల కొట్టం పక్క గది, తిండిగింజలు, ఏడాదికి రెండు కోకలు. బావీ చేనూ రంగన్నవి. రంగన్న కాస్త కనికరించి, కాలవ చివర మిరపకాయలు పెట్టుకొమ్మని ఒక మడి వదిలాడు.

"ఏల అట్లా చెప్పినావన్నా?" అని దారిలో అడిగింది.

"నీ మానం కాపాడినా. ఆస్తి కోసం మొగుని మీద రచ్చకెక్కిందంటే మన ఇంట్లో ఆడపిల్లల్ని ఎవరు చేసుకుంటారు?"

అతను అనని మాట కూడా ఆమెకు తెలుసు. చేను పంచితే రంగన్న ఇంట్లోంచి గెంటుతాడు. అప్పుడామె వచ్చేది అన్న గడపకే.

దీపావళికి వారపత్రికలో సుబ్బయ్య కథ పడింది. దానికి బహుమతి కూడా వచ్చింది. ఆయన సంతోషం పట్టలేక చావడిలో చదివి వినిపించాడట. మరునాటి నుంచి నీళ్ళకు పోతే ఆడవాళ్ళు పక్కకు జరిగి దారి ఇవ్వడం మొదలుపెట్టారు.

"సుగుణమ్మ వచ్చె, జరగండే!"

"ఎవరే సుగుణమ్మ?"

"నువ్వే గదమ్మా! బాయి దానమిచ్చిన తల్లివి. మాకూ రెండు కడవలు దానమియ్యి!"

ఊళ్ళో చదవడం వచ్చిన ఆడమనిషి ఒక్కతే, చర్చి బడిలో చిన్నపిల్లలకు అక్షరాలు దిద్దించే విశ్వాసమ్మ. ఎవరేమనుకుంటే అనుకోనీ అని హంపమ్మ పత్రిక అడిగి తెచ్చుకొని ఆమె గడపలో కూర్చుంది. ముందు బొమ్మ చూసింది. నీలం కోక కట్టుకొని, తలనిండా పూలు పెట్టుకొని, బావి గట్టున ఇత్తడి బిందెతో ఒక అందగత్తె కూర్చొని ఉంది.

"ఈమె యాడ తవ్విందక్కా బాయి? గోళ్ళు సూడు."

విశ్వాసమ్మ నవ్వాపుకొని చదవసాగింది. కథలో బావి రామనాథం తవ్వాడు. సుగుణ అతనికి అన్నం మోసింది. గొడ్రాలనైన తాను భర్త వంశానికి అడ్డుగా ఉన్నానని సుగుణే కుమిలిపోయి, తానే పిల్లను వెతికి సవతిని తెచ్చింది. పంచాయితీలో పెద్దలు న్యాయంగా సగం ఇస్తామంటే, సుగుణ భర్త పాదాల మీద పడింది. "స్వామీ, ఈ నీరు మీ బిడ్డలు తాగితే నా దాహం తీరినట్టే."

విశ్వాసమ్మ అక్కడ ఆగిపోయింది.

"సదువు అక్కా."

"అయిపోయింది. అంతే."

"సగం ఇస్తామని వాళ్ళు యాడన్నారు?"

"కథ గదా పాపా. పెద్దోళ్ళు మంచోళ్ళుగా ఉండల్ల, మొగుడు మంచోడుగా ఉండల్ల. అందరూ మంచోళ్ళే అయితే ఇంగ నష్టం ఎవరికో ఒకరికి రావల్ల గదా, అది ఆమె మింద ఏసినారు. ఆమె నవ్వుతా ఎత్తుకుంది." విశ్వాసమ్మ పత్రిక మూసి కాసింత విసురుగానే పక్కన పడేసింది.

"నేనట్ల అన్లేదక్కా."

"నాకు తెలుసు. నువ్వు కేకేసింది నేను కూడా విన్నా."

ఇంతటితో పోతే హంపమ్మ మరిచిపోయేదేమో. ఆ ఏడు వానలు మొహం చాటేశాయి. నాగక్కకు కొడుకు పుట్టాడు. రంగన్న కాలవకు అడ్డంగా మన్ను వేసి మిరప మడికి నీళ్ళాపాడు. కాయ పట్టబోయే చెట్లు తలలు వాల్చేశాయి. అడగబోతే, "ఇచ్చేసిన బాయి మల్ల ఏం అడుగుతావు? ఊరంతా సదివినారు గదా," అన్నాడు. నవ్వుతూ అనలేదు. నమ్మే అన్నాడు. అతనికి జరిగింది మరుపుకొచ్చి, రాసింది గుర్తుండిపోయింది.

హంపమ్మ మళ్ళీ పంచాయితీ పెట్టించి, ముందు రోజు బడికి పోయింది.

"అయివారూ, నాకొక మేలు చెయ్యల్ల. రేపు చావడికొచ్చి, అది మీరు కల్పించి రాసిందని చెప్పండి. చాలు."

సుబ్బయ్య ఆమెను అరుగు మీద కూర్చోమన్నాడు. ఆమె నిలబడే ఉంది.

"నిన్ను ఎంత ఎత్తున నిలబెట్టాననుకున్నావు హంపమ్మా! బెజవాడ నుంచి, రాజమండ్రి నుంచి ఉత్తరాలొచ్చాయి. చదివి ఏడ్చామని ఆడవాళ్ళు రాశారు."

"ఏడ్చినోళ్ళలో ఒకరన్నా, ఆమె బాయి ఆమెకియ్యమని రాసినారా అయివారూ?"

ఆయన అద్దాలు తీసి తుడుచుకున్నాడు. "కథను అబద్ధమని నా నోటితో నేనెట్లా చెప్పేది? నీలాంటి త్యాగం ఉందంటేనే కదా లోకం మారేది," అన్నాడు.

"లోకం మారేదాక నా మెరప సెట్లు బతకవు," అని ఆమె వచ్చేసింది.

మరునాడు చావడిలో అయ్యన్న కూడా ఉన్నాడు, చెల్లెలి తరపున చెప్పడానికి తువ్వాలు సవరించుకుంటూ. హంపమ్మ గోడవార నిలబడలేదు. చెప్పులు కింద విడిచి మెట్లెక్కింది.

"దిగు!" అన్నాడు హనుమన్న.

"సెప్పి దిగుతా పెద్దాయనా."

"దిగు సెల్లా, పరువు తియ్యొద్దు!" అయ్యన్న రెక్క పట్టుకున్నాడు. ఆమె విదిలించుకుంది.

"ఆ బాయి మన్ను నేను మోసినా. నా కడుపు ఆ మెట్ల మింద పోయింది. నేను దానమియ్యలే. పోయినసారి ఈయన సెప్పింది నా మాట కాదు. ఆ అయివారు రాసింది నా మాట కాదు. ఇదే నా మాట. సగం నాది. దండగ ఏస్తారో, ఊరిడిసి పొమ్మంటారో మీ ఇష్టం, సగం నాది."

హనుమన్న నెమ్మదిగా తాంబూలం ఉమ్మేసి వచ్చి కూర్చున్నాడు.

"అచ్చులో వచ్చింది అబద్ధమా, నువ్వు సెప్పేది నిజమా?"

"కొత్త సట్టం వచ్చిందంట, రెండో పెండ్లామే కూడదంట," అని వెనక నుంచి ఎవరో గొణిగారు.

"సట్టం కర్నూల్లో ఉంటాదప్పా. ఈడ మనం ఉంటాం," అన్నాడు హనుమన్న. అందరూ నవ్వారు. సుబ్బయ్య కూడా ఉన్నాడు అక్కడ. ఆయన నవ్వలేదు, మాట్లాడలేదు, అద్దాలు తుడుచుకోలేదు. తల వంచుకొని చావడి బండ మీది గీతలు చూస్తూ కూర్చున్నాడు.

"ఆ సుగుణమ్మే బాగుండాదప్పా ఈమె కంటే," అని హనుమన్న తీర్పు చెప్పాడు. చావడి ఎక్కి పద్ధతి తప్పినందుకు కొట్టం పక్క గది కూడా పోయింది.

ఇప్పుడు హంపమ్మ కల్లూరు దగ్గర రోడ్డు పనిలో కంకర కొడుతోంది. గుంపులో అందరూ ఆడవాళ్ళే, మేస్త్రీ ఒక్కడు మగవాడు. ఒక మధ్యాహ్నం సంగటి తింటూ ఆస్పరి వైపు నుంచి వచ్చిన భీమక్క అనే మనిషి ఒక కథ ఎత్తుకుంది. వాళ్ళ పాప బడిలో విని వచ్చి చెప్పిందట. మొగుని కోసం, సవతి బిడ్డల కోసం నీళ్ళ బావినే వదిలేసిన ఒక మహాతల్లి కథ. విన్నవాళ్ళంతా అయ్యో తల్లీ అన్నారు. ఒకామె కొంగుతో కళ్ళొత్తుకుంది.

"వదల్లేదు," అంది హంపమ్మ. "గుంజుకున్నారు."

"నీకేం తెలుసు?"

చెప్పింది. గంజి చెంబు దగ్గర నుంచి చావడి మెట్ల దాకా మొత్తం చెప్పింది. భీమక్క చేతిలోని సంగటి ముద్ద మళ్ళీ గిన్నెలో పెట్టింది.

"ఇట్ల సెప్తే ఏం బాగుంటాది సెప్పక్కా? వినబుద్దే కాదు. మా పాప సెప్పిందే బాగుండాది."

మేస్త్రీ కేక వేశాడు. ఆడవాళ్ళంతా లేచి చేతులు కడుక్కున్నారు. హంపమ్మ గంప అందుకొని, దులిపి, తల మీద గుడ్డ చుట్ట పెట్టుకొంది.

"బాగుండదు," అంది, భీమక్క పక్కనే నడుస్తూ. "బాగుండకపోయినా రేపు మల్ల సెప్తా. ఇంటావో ఇనవో నీ ఇష్టం."

భీమక్క వడివడిగా ముందుకు పోయింది.