పచ్చ వైరు

ఒక రంగు పేరు సగమే పలికినందుకు అబిడ్స్‌లో ఓ పెద్దమనిషి బతికినన్నాళ్ళూ జిలేబీకి దూరమయ్యాడు. ఆ సగం పలికిన నోరు నాది. చెప్పబోయేదంతా నా నిర్వాకమే కాబట్టి, ఇందులో నన్ను వెనకేసుకొద్దామని మీరు ఎక్కడా ప్రయత్నించకండి. నేనే ప్రయత్నించి విరమించుకున్నాను.

అరవైల్లో మాట. మేం తెనాలి నుంచి హైదరాబాదు వచ్చి అప్పటికి కొన్నేళ్ళయింది. నాంపల్లి స్టేషను దగ్గర సందులో సుదర్శనంగారని ఒకాయన ఇంటర్‌కమ్ పెట్టెలు బిగించే దుకాణం నడిపేవారు. నేను అక్కడ పని నేర్చుకుంటున్నాను. ఇంటర్‌కమ్ అంటే రేడియో పెట్టెకి పిల్లల్లాంటివి. యజమాని గదిలో పెద్ద పెట్టె ఉంటుంది, దానికి బటన్లుంటాయి. ఏ బటన్ నొక్కి మాట్లాడితే ఆ చోట ఉన్న చిన్న పెట్టెలోంచి ఆయన గొంతు గట్టిగా వినిపిస్తుంది. అక్కడివాళ్ళు బదులు చెబితే ఇక్కడ వినిపిస్తుంది. ఆ రోజుల్లో అదో పెద్ద దర్జా.

నాతోపాటు పనిచేసేవాడు యాదగిరి. నా ఈడువాడే, పుట్టిందీ పెరిగిందీ నాంపల్లిలోనే. వాడు పని చేసేవాడు, నేను పని గురించి మాట్లాడేవాణ్ణి. కేబుల్లో వైర్ల రంగులన్నీ నాకు కంఠతా వచ్చని నా గొప్ప. నిద్రలో లేపి అడిగినా చెప్పేవాణ్ణి. ఇంట్లో ఎవరూ లేపి అడగలేదనుకోండి.

ఒకరోజు సుదర్శనంగారు నన్ను పిలిచి, "కిష్టయ్య సేటు బట్టల షాపులో పని. ఈసారి నువ్వే పెద్దవాడివి. నేను రాను. కలపడం అయ్యాక ప్రతి వైరుకీ బ్యాటరీ, బల్బూ పెట్టి చూసుకో. రంగుల్ని నమ్మకు" అన్నారు.

నాకు ఆ మాటల్లో "నువ్వే పెద్దవాడివి" ఒక్కటే వినిపించింది. మిగతాదంతా పక్కవీధిలో రిక్షా బెల్లులా దూరంగా పోయింది.

కిష్టయ్య సేటుది అబిడ్స్‌లో పాత షాపు. మేడ మీద ఆయన గది, కింద చీరల కౌంటరూ, క్యాషూ, వెనకాల గోదాం. గోదాం పక్కనే వాళ్ళ ఇల్లు. నాలుగు చోట్లా నాలుగు చిన్న పెట్టెలు, వాటికి నాలుగు వైర్లు. ఎరుపు, నీలం, పసుపుపచ్చ, ఆకుపచ్చ. సేటు గదిలో నేను బటన్లకి కలుపుతున్నాను. కింద మెట్ల దగ్గర యాదగిరి కలుపుతున్నాడు. నేను కిటికీలోంచి తల బయటపెట్టి, రాజుగారి శాసనం చదివినట్టు కేకేశాను.

"ఎర్రది కౌంటరుకి. నీలం క్యాషుకి. పచ్చది ఇంటికి. మిగిలింది గోదాంకి."

కింద నుంచి యాదగిరి అడిగాడు. "పచ్చదంటే ఏ పచ్చ?"

"పచ్చలో రకాలేంటయ్యా? పచ్చంటే పచ్చే."

"జర చూసి చెప్పు భాయ్."

"నేను చూడకుండా చెబుతానా? పచ్చంటే పచ్చ."

"ఔ, మంచిది. నువ్వే పెద్దోనివి గదా" అని వాడు కలిపేశాడు.

మా ఇంట్లో పచ్చ అంటే పసుపు రంగు. పచ్చచీర, పచ్చచామంతి అనేవాళ్ళం. యాదగిరికి పచ్చంటే ఆకు రంగు. ఇద్దరం తెలుగే మాట్లాడుకున్నాం. ఇంగ్లీషులో కేకేసినా ఈ గొడవ ఉండేది కాదు.

బ్యాటరీ, బల్బూ సంచీలోనే ఉండిపోయాయి. సేటు భార్య సత్తెమ్మగారు ఇంటి పెట్టెకి కుంకుమ పెట్టి, పక్క షాపులవాళ్ళ ఇళ్ళనుంచి ముగ్గురు ఆడవాళ్ళని పిలిచి వంటింట్లో కూచోబెట్టింది. పైన సేటు తొందరపడుతున్నాడు. అంతమంది ఎదురుచూస్తుంటే బల్బు వెలిగించుకుంటూ కూచోవడం నాకు నామోషీ అనిపించింది.

"అంతా తయారు సేటూ, మాట్లాడండి" అన్నాను.

కిష్టయ్య సేటుకి చక్కెర బీమారి. డాక్టరు తీపీ, నూనెవస్తువులూ మానమన్నాడు. సత్తెమ్మగారు రోజూ పొద్దున్నే గ్లాసెడు కాకరకాయ రసం తాగించేది. ఈ సంగతి నాకు అప్పటికి తెలీదు. సేటు తలుపు దగ్గరికి వేసి, గోదాం బటన్ నొక్కి, గొంతు తగ్గించాడు.

"మల్లేశం, ఇంటున్నవా? పావుకిలో జిలేబీ, నాలుగు మిర్చి బజ్జీలు పట్కరా. వెనక మెట్ల కెల్లి రా. ఇంట్ల ఎర్క గావద్దు."

మల్లేశం గోదాం చూసుకునే మనిషి. పెట్టెలోంచి జవాబు రాలేదు.

"ఏంది పిలగా, పలుకుతలేడు?" అని సేటు నాకేసి చూశాడు.

ఇక్కడ తెలివైనవాడైతే కిందికి పరిగెత్తేవాడు. నేను పెద్దవాణ్ణి గదా. "మీ మాట అక్కడికి బ్రహ్మాండంగా వెళుతోంది సేటూ. ఆయనకి కొత్త కాబట్టి బెదురు. మీరు ధైర్యంగా చెప్పండి" అన్నాను.

సేటుకి ధైర్యం వచ్చింది. "మల్లేశం, ఫికర్ జేయకు. ఆమెకు అనుమానం లేదు. కాకరకాయ రసం సగం తాగి సగం కుండీల పోస్తున్న. మొన్న గా తులసి చెట్టు ఎండిందంటే అందుకే."

పెట్టెలో సన్నగా గాజుల చప్పుడు వినిపించింది.

"గాజుల చప్పుడేంది?" అన్నాడు సేటు.

"కొత్త స్పీకరు సేటూ. మొదట్లో అలాగే గలగలమంటుంది" అన్నాను. అంత అబద్ధం అంత తేలిగ్గా నా నోట్లోంచి ఎలా వచ్చిందో ఇప్పటికీ నాకు తెలీదు.

"నిన్నటి మిర్చీల ఉప్పు తక్కువున్నది, దుకాన్ల చెప్పు" అని కూడా చేర్చి, సేటు తృప్తిగా ఆ బటన్ వదిలాడు. గొంతు సవరించుకుని ఇంటి బటన్ నొక్కాడు. ఈసారి గొంతులో తేనె పోసుకున్నాడు.

"సత్తెమ్మా, ఇనబడ్తుందా? పొద్దుగాల రసం మొత్తం తాగిన. నువ్వు చేస్తే చేదు గూడ తియ్యగనే ఉంటది."

పెట్టెలోంచి బొంగురు గొంతు వచ్చింది. "సేటూ, నేను మల్లేశాన్ని. నేను మీకు రసం ఎప్పుడు జేసిన?"

సేటు పెట్టెకేసి చూశాడు, బటన్‌కేసి చూశాడు, చివరికి నాకేసి చూశాడు. నేను కిటికీకేసి చూశాను. అది మేడ మీది కిటికీ కాకపోతే ఈ కథ ఇక్కడే అయిపోయేది.

"పిలగా," అన్నాడు సేటు, "ఇంటికి మాట్లాడితె మల్లేశం పలికిండు. మరి నేను ఇంతకుముందు మాట్లాడింది ఎవరితోని?"

జవాబు నేను చెప్పనక్కర్లేకపోయింది. మెట్ల మీద మెట్టెల చప్పుడు. తలుపు తెరుచుకుంది. సత్తెమ్మగారు పెద్ద గ్లాసుతో లోపలికి వచ్చింది. వెనకాల ఆ ముగ్గురు ఆడవాళ్ళు. సినిమా మొదటి ఆట చూసొస్తున్నవాళ్ళ మొహాల్లో ఉండే వెలుగు వాళ్ళ మొహాల్లో ఉంది.

"తాగున్రి," అంది సత్తెమ్మగారు నెమ్మదిగా. "నా ముంగట. మొత్తం. ఈడ కుండీ లేదు."

సేటు తాగాడు. అలా తాగుతూ నన్నే చూశాడు.

నేను మెట్లు దిగేసరికి యాదగిరి విషయం విని నించునున్నాడు. "పచ్చన్నవ్, పచ్చదే కలిపిన" అని ఆకుపచ్చ వైరు చూపించాడు.

"పైన నేను ఇంటి బటన్‌కి పసుపుపచ్చ కలిపాను. ఇది ఆకుపచ్చ కదయ్యా."

"మరి పచ్చ గాక ఎర్రగున్నదా? ఏ పచ్చ అని అడగలేదా నేను?"

అడిగాడు. సంచీలోంచి స్క్రూడ్రైవర్ తీసి, రెండు వైర్లూ మార్చేద్దామని వంగాను. అంతలో మెట్ల పైనుంచి సత్తెమ్మగారి గొంతు వచ్చింది.

"పిలగా, గా వైర్లకు చెయ్యి పెట్టకు. గట్లనే ఉండనియ్యి."

"తప్పు కలిపామమ్మా. సరిచేస్తాం" అన్నాను.

"తప్పేమున్నది? ఇన్నేండ్లల్ల ఈ ఇంట్ల ఒక్క వస్తువు గిట్ల పని చెయ్యలే."

సేటు ఆవిడ వెనక నించుని, వద్దు, మార్చు అన్నట్టు నాకు చేత్తో సైగ చేశాడు. ఆవిడ తిరిగి చూసింది. ఆయన ఆ చేత్తోనే మీసం దువ్వుకున్నాడు.

ఆవిడ మల్లేశాన్ని కూడా కట్టడి చేసిందట, సేటు మళ్ళీ జిలేబీ మొహం చూడలేదు. నేను మాత్రం ఆ రోజు నాంపల్లి దాకా కాళ్ళీడ్చుకుంటూ నడిచాను. ఉద్యోగం పోయిందని ఖాయం చేసుకుని, మర్నాడు సుదర్శనంగారి ముందు తలవంచుకు నించున్నాను. ఆయన చాలాసేపు కళ్ళజోడు తుడుచుకున్నారు.

"పొద్దున ముగ్గురమ్మలు కబురు పంపారు," అన్నారు. "వాళ్ళ షాపుల్లోనూ పెట్టెలు బిగించాలట. రేటు అడగలేదు. సత్తెమ్మగారింట్లో బిగించిన అబ్బాయే రావాలిట. అచ్చం అలాగే బిగించాలిట. అసలు నువ్వు అక్కడేం బిగించావురా?"

నేను చెప్పాను. ఆయన తలుపు వేసుకుని లోపలికి వెళ్ళారు. నవ్వుతున్నారో ఏడుస్తున్నారో బయటికి తెలియలేదు. ఆ ముగ్గురి షాపులకీ ఆయన యాదగిరిని పంపారు, సరిగ్గా బిగించమని. ఆ తర్వాత చాలాకాలం, "మీ పెట్టెలు బాగలేవు" అని ముగ్గురు ఆడవాళ్ళు మా దుకాణానికి వచ్చి పోట్లాడుతూనే ఉన్నారు.

ఆనాడే నాంపల్లి స్టేషను గడియారం సాక్షిగా ప్రతిజ్ఞ చేశాను. ఊపిరున్నంతకాలం పచ్చ అన్న మాట ఒంటరిగా నా నోటివెంట రాదు. నా పెళ్ళిచూపుల్లో పిల్ల ఎలా ఉంది అని మా అమ్మ అడిగితే, "పసుపుపచ్చగా ఉందమ్మా" అన్నాను. కామెర్లేమోనని ఆ సంబంధం వద్దనుకున్నారు. అయినా నా ప్రతిజ్ఞ తప్పలేదు.