ఫ్రెంచి మాష్టారు ఆగిన చోట

పోయిన వారం మా అమ్మాయి బడిలో వార్షికోత్సవం జరిగింది. మేకప్ వేసే ఆయన పిల్లల్ని వరసగా కూర్చోబెట్టి, చిన్న సీసా మూత తీసి, పైపెదవుల మీద జిగురు రాసి మీసాలు అంటిస్తున్నాడు. స్పిరిట్ గమ్ము వాసన గుప్పుమంది. "అమ్మా, చురచురమంటోంది" అని మా అమ్మాయి నా చెయ్యి పట్టుకుంది. పన్నెండేళ్ల కిందట అదే వాసన మధ్య ఒక పెద్దాయన కొబ్బరినూనె రాసి మీసం ఊడదీసుకోవడం, ఊడదీసుకుంటూనే నా కోసం ఒక అబద్ధం చెప్పడం నా కళ్ల ముందుకు వచ్చింది. ఆ అబద్ధం నీడలో నేను ఇన్నాళ్లూ చల్లగా బతికాను.

ఆయన పేరు సత్యమూర్తి. కంచరపాలెంలో మా వీధి వాళ్లందరికీ మాత్రం ఫ్రెంచి మాష్టారు. పాస్‌పోర్టు ఫ్రాన్సుది, మాట గోదావరిది. పుట్టింది యానాంలో. తండ్రి అక్కడి ఫ్రెంచి కచేరీలో బంట్రోతు. యానాం మన దేశంలో కలిసినప్పుడు, మేము ఫ్రాన్సు పౌరులుగానే ఉండిపోతామని రాసిచ్చిన కొద్ది కుటుంబాల్లో వాళ్లదీ ఒకటి. అలా ఇరవై ఏళ్ల వయసులో ఓడెక్కి పారిస్ చేరారు. ఒక నాటకశాలలో తెర లాగే పని దొరికింది. ఒకనాడు నౌకరు వేషం వేసేవాడు రాకపోతే, ఈయన ఒంటి రంగు ఆ వేషానికి సరిపోతుందని కోటు తొడిగి స్టేజి మీదకు తోశారు. ఆ కోటు నలభై ఏళ్లు ఆయన ఒంటిమీదే ఉండిపోయింది. నాటకాల్లో, సినిమాల్లో, టీవీల్లో ఆయన వేసినవన్నీ అవే: నౌకరు, తలుపు దగ్గర కాపలావాడు, హోటల్లో పళ్లెం పట్టుకునేవాడు, ఆసుపత్రిలో స్ట్రెచర్ తోసేవాడు.

"ఏ దేశపు నల్లవాడు కావాలన్నా నన్నే పిలిచేవారమ్మాయ్" అనేవారు. "అన్ని దేశాల వాణ్ణీ అయ్యాను. మాట్లాడే వేషం మాత్రం ఎవరూ ఇవ్వలేదు. నా సినిమాల్లో నేను పలికిందంతా కలిపి రాస్తే పోస్టుకార్డు నిండదు."

పెళ్లి చేసుకోలేదు. పని మానుకున్నాక ఒంటరిగా ఉండలేక, రైల్వే ఉద్యోగిని పెళ్లి చేసుకుని ఎప్పుడో కంచరపాలెం వచ్చేసిన అక్క అప్పయమ్మ గారి దగ్గరకు చేరారు. నాకామె పెద్దమ్మ. చుట్టరికం లేదు, ఎదురిల్లు. ఒక ఆదివారం ఆవిడ వీధి వీధంతటినీ పిలిచి, తమ్ముడు వేసిన ఫ్రెంచి సినిమా టీవీలో పెట్టించింది. గంటన్నర అర్థంకాని మాటలు విన్నాం. చివరికి ఒక పెద్ద భవనం తలుపు తెరుచుకుంది. తలుపు పక్కన టోపీ పెట్టుకుని ఆయన.

"అదుగో! అదుగో మా తమ్ముడు!" అని పెద్దమ్మ లేచి నిలబడింది. కళ్లద్దాలు తుడుచుకునేసరికి తలుపు మూసేశారు.

"ఏటి, అయిపోనాదా?" అంది. వీధంతా నవ్వింది. అందరికంటే ఎక్కువ ఆయనే నవ్వారు. మళ్లీ వెనక్కి తిప్పి ముచ్చటగా మూడుసార్లు చూశాం.

ఆయనకు తన బతుకులో గర్వపడే ముచ్చట ఒక్కటే ఉంది. పారిస్‌లో ఒక నాటకంలో ఒక మహానటుడు చాలాసేపు ఏకబిగిన మాట్లాడే ఘట్టం ఉందట. ఆయన వెనక పళ్లెం పట్టుకుని మాష్టారు నిలబడాలి. అంతే వేషం. ఒక రోజు జ్వరం వచ్చి వెళ్లలేకపోతే వేరేవాణ్ణి నిలబెట్టారు. మర్నాడు ఆ మహానటుడు మేకప్ గదికి తనంత తానుగా వచ్చి, "నిన్న నా మాటలన్నీ నేలపాలయ్యాయి. వినేవాడు లేడు" అన్నాడట. నాకప్పుడు ఆ మాట విలువ తెలియలేదు. నిలబడి వినడం కూడా ఒక విద్యేనా అనుకున్నాను.

అప్పట్లో నాకు ఇరవై రెండేళ్లు. ఆటోనగర్‌లో సన్యాసిరావు గారి లేత్ షెడ్డులో బిల్లులు రాసేదాన్ని. ఆయనకు నాటకాల పిచ్చి. పోర్టులోనూ ఉక్కు ఫ్యాక్టరీలోనూ షెడ్లలోనూ పనిచేసేవాళ్లను పదిమందిని కూడగట్టి, తనే నాటికలు రాసి నాటక పరిషత్తు పోటీలకు తీసుకెళ్లేవారు. సాయంత్రం మెషీన్లు ఆగాక ఆ షెడ్డులోనే రిహార్సల్. నా చేతిరాత గుండ్రంగా ఉంటుందని నాటిక ప్రతి నాచేతే రాయించారు. రాసినదాన్ని గనుక ప్రాంప్టింగూ నాకే వచ్చింది. ఆడపిల్ల వేషం కడితే కాళ్లు విరగ్గొడతానన్న మా నాన్న, తెర చాటున కాగితం చదవడానికైతే సరేనన్నాడు. షిఫ్టులు చేసి అలసిపోయి వచ్చేవాళ్లకు మాటలన్నీ కంఠస్థం ఎక్కడవుతాయి? పక్కతెర వెనక నిలబడి ముందు మాట అందించే మనిషి లేకపోతే మా నాటకం అడుగు కదలదు. పనికిరానిదాన్ననుకునే నాకు ఆ సంగతి ఎంత ధైర్యమిచ్చేదో చెప్పలేను.

ఆ ఏడాది సన్యాసిరావు గారు కొత్త నాటిక రాశారు. ఫ్యాక్టరీ ప్రమాదంలో కొడుకును పోగొట్టుకున్న ముసలి తండ్రి. ప్రమాదం నీ కొడుకు తప్పు వల్లే జరిగిందని ఒప్పుకుంటూ సంతకం పెట్టమని ఆఫీసరు కాగితం తెస్తాడు. తండ్రి వేషానికి మాష్టారిని అడిగారు. ఇంట గెలిచి రచ్చ గెలవమంటారు. ఈయన రచ్చలో నలభై ఏళ్లు మూగగా నిలబడి వచ్చి, డెబ్బై దాటాక ఇంట గెలవడానికి పూనుకున్నారు. అమ్మభాషలో మొట్టమొదటి వేషం. మా యాస కోసం రోజూ పెద్దమ్మ ముందు కూర్చుని పాఠం చెప్పించుకునేవారు. "నేను కాదురా, నాను. నోరు అంత తీర్సి మాటాడకు, మనోళ్లు అలా మాటాడరు" అని ఆవిడ కోప్పడేది. బడిపిల్లాడిలా మళ్లీ చెప్పేవారు.

ఆఫీసరు వేషం పోర్టులో కలాసీగా చేసే గౌరినాయుడిది. నాలుగో రోజు రిహార్సల్లో మధ్యలోనే ఆగిపోయాడు. "మాష్టారూ, మీరలా సూత్తంటే నాను నిజంగానే పాపం సేత్తన్నట్టుంటాది. కొంచెం పక్కకి సూడండి బాబూ" అన్నాడు. షెడ్డులో ఎవరూ నవ్వలేదు. ఆ మాట మా అందరికీ నిజమనిపించింది.

నాటిక చివర్లో ఆఫీసరు, "మీ అబ్బాయిదే తప్పని ఒప్పుకుంటారా?" అని అడుగుతాడు. తండ్రి చెప్పాల్సింది, "ఆడు తప్పు సేసిన రోజు ఇంటికొచ్చి నాతో సెప్పీవోడు బాబూ. ఆ రోజు ఇంటికి రానేదు" అని. ఆ మాట చెప్పే ముందు మాష్టారు ఆగేవారు. రిహార్సల్లో కాసేపే. అయినా నాకు ముందే చెప్పిపెట్టారు: "అమ్మాయ్, ఆ రోజు జనాన్ని బట్టి ఇంకా ఎక్కువసేపు ఆగుతానేమో. కంగారుపడకు. అప్పుడు కాగితం చూడకు, నన్ను చూడు. నేను పోగొట్టుకుని ఆగానో, పట్టుకుని ఆగానో నీకే తెలుస్తుంది."

పోటీల మొదటి రోజు సాయంత్రం ఆరింటికి మా నాటిక. హాలు నిండిపోయింది. తీరా చివరికొచ్చేసరికి గౌరినాయుడు కంగారులో రెండు డైలాగులు ఎగరగొట్టి, ఏకంగా ఆఖరి ప్రశ్న దగ్గరికి దూకాడు. నేను పేజీలు తిప్పుకుంటూ అది ఎక్కడుందో వెతుక్కుంటున్నాను. వేలు ఆ వాక్యం మీద పెట్టి ఊపిరి పీల్చుకునేసరికి హాలంతా నిశ్శబ్దం. ఎంతసేపటి నుంచో నాకు తెలియదు. ఎదుటి పక్కతెరలో సన్యాసిరావు గారు, అందించు అందించు అన్నట్టు చెయ్యి ఊపుతున్నారు. నేను తలెత్తి మాష్టారి వైపు చూడలేదు. చూసి ఉంటే సరిపోయేది. కాగితంలో ఉన్నది గట్టిగా చదివేశాను.

స్టేజి మీద వేలాడే మైకు సరిగ్గా నా నెత్తి మీదే ఉంది. ముసలి తండ్రి చెప్పాల్సిన మాట ఆడపిల్ల గొంతుతో హాలంతా మోగింది. తర్వాత నవ్వు మొదలైంది. వెనక వరసల్లో ఈలలు వేశారు. ఆ నవ్వుల్లోనే మాష్టారు తన మాట చెప్పారు. చక్కగా చెప్పారు. కానీ వినేవాళ్లు లేరు.

మేకప్ గదిలో సన్యాసిరావు గారు నా మీద విరుచుకుపడ్డారు. "ఏటే రత్నం, ఏటి సేసినావ్? నాటకం నాశనం సేసీసినావు గదే! రేపట్నించి నువ్వు స్టేజి దరిదాపుల్లోకి రాకు." అంతలోనే మాష్టారి వైపు తిరిగారు. "అసలు మీరు కావాలని ఆగినారా, మర్సిపోనారా? అది సెప్పండి ముందు."

అందరూ ఆయన వైపు చూశారు. మాష్టారు దూదితో పెదవి మీద కొబ్బరినూనె అద్దుకుంటున్నారు. మీసం ఒక కొస ఊడి వేలాడుతోంది. "మరిచిపోయాను నాయనా" అన్నారు. "ఒక్క ముక్క గుర్తు రాలేదు. అమ్మాయి అందించకపోతే ఇంకా అక్కడే నిలబడి ఉండేవాణ్ణి. దాన్నేమీ అనకండి."

సన్యాసిరావు గారి మొహంలో కోపం పోయి జాలి వచ్చింది. అది కోపం కంటే ఘోరంగా ఉంది. "పోన్లెండి మాష్టారూ, పెద్దోరు" అని భుజం తట్టారు. నా ప్రాణం కుదుటపడింది. ఆ క్షణంలో నాకు కలిగింది సంతోషమే. ఇది రాయడానికి చెయ్యి వెనకాడుతోంది గానీ, నిజం.

మర్నాడు ఆటోలో పక్కన కూర్చుని అడిగాను. "మాష్టారూ, నిజంగా మరిచిపోయారా?"

"నన్ను చూశావా, కాగితం చూశావా?"

"కాగితం."

"మరి నీకెలా తెలుస్తుంది? మరిచిపోయాననుకో. నాకు మతిమరుపంటే వయసు అంటారమ్మా. నీకు తొందరంటే రేపు నిన్ను గడప తొక్కనివ్వరు. నేను దిగిపోయేవాణ్ణి, నువ్వు ఎక్కాల్సినదానివి."

ఆయన అనుకున్నంత తేలిగ్గా పోలేదది. పెద్దాయనకు మాటలు గుర్తుండటం లేదట అన్న కబురు పరిషత్తుల్లో పాకిపోయింది. ఇంకే నాటక సమాజమూ ఆయన్ను పిలవలేదు. తర్వాతి ఏడాది సన్యాసిరావు గారే, మనసొప్పక, ఆయనకొక వేషం ఇచ్చారు. పక్షవాతం వచ్చి నోరు పడిపోయిన మామగారు. నాటిక అంతా మంచం మీద కూర్చుని ఉండాలి. ఒక్క మాట లేదు. ఏడు సముద్రాలు దాటి వచ్చినా ఆయనకు దొరికింది ఆ పాత కోటే. ఆ నాటికలో కోడలి వేషం నాది. మాష్టారే మా ఇంటికొచ్చి మా నాన్నను ఒప్పించారు.

ఆయన మంచం పక్కన కూర్చుని మొదటిసారి నా మాట మొదలుపెట్టినప్పుడు తెలిసింది, పారిస్‌లో ఆ మహానటుడు ఏం పోగొట్టుకుని వెతుక్కుంటూ వచ్చాడో. మాష్టారు తల తిప్పేవారు కాదు, చెయ్యి కదిపేవారు కాదు. కళ్లతో వినేవారు. ఆ కళ్లలోకి చూస్తూ అబద్ధంగా ఏడవడం నాకు చేతకాలేదు, నిజంగానే ఏడ్చాను. జనం చప్పట్లు కొట్టారు. నాకు ఉత్తమ నటి బహుమతి ఇచ్చారు. నన్ను ఎక్కించడమే కాదు, నిలబెట్టింది కూడా ఆయనే. ఆ రోజైనా మైకు ముందు నిజం చెప్పి ఉండవచ్చు. నోరు రాలేదు.

ఆ తర్వాత రెండేళ్లకు నాలుగు రోజుల జ్వరంతో పోయారు. సంతాప సభ షెడ్డులోనే పెట్టారు. సన్యాసిరావు గారు కళ్లనీళ్లతో, "మహానుబావుడు. ఆకర్న పాపం గ్యాపకం తప్పిపోనాది గానీ, నేకపోతే ఎంత ఆర్టిస్టు" అన్నారు. ఆయన ప్రేమగానే అన్నారు. ముందు వరసలో పెద్దమ్మ తలూపింది. ఆవిడ పక్కనే నేను కూర్చుని ఉన్నాను.

ఇప్పుడు నేను మద్దిలపాలెంలో ఒక చెవి డాక్టరు దగ్గర వినికిడి పరీక్షలు చేస్తాను. షెడ్లలో ఏళ్ల తరబడి సుత్తి మోతల మధ్య పనిచేసినవాళ్లు వస్తారు. శబ్దం వినిపించిందో లేదో వాళ్లే చెప్పాలి, నేను ఎదురుచూడాలి. ఎంతసేపైనా వాళ్ల మొహాలు చూస్తూ కూర్చోగలను. నా ఓపికను మా డాక్టరు గారు మెచ్చుకున్నప్పుడల్లా నాకు తల వంగిపోతుంది. ఈ ఓపిక ఎవరి ఖర్చుతో నేర్చుకున్నానో నాకు తెలుసు కనుక.

వార్షికోత్సవం మర్నాడే కంచరపాలెం వెళ్లాను. పెద్దమ్మకు ఎనభై ఏడేళ్లు. మంచం మీద ఒరిగి ఉంది. కాళ్ల దగ్గర కూర్చుని చెప్పేశాను. ఆయన మరిచిపోలేదని, కావాలనే ఆగారని, నేనే తొందరపడ్డానని, నన్ను కాపాడటానికి అలా చెప్పారని.

ఆవిడ మెల్లగా లేచి కూర్చుంది.

"ఆ నాటకం కాడ్నించీ రోజూ పొద్దున్నే సరస్వతాకు నూరి ముద్ద సేసి పెట్టీదాన్ని. గ్యాపకం నిలుత్తాదని ఎవురో సెప్పినారు. ఒట్టి సేదు. తేనె కలిపితే పన్జెయ్యదని అది కూడా కలపనేదు. మూడేళ్లు మింగినాడే. ఒక్కనాడు వద్దన్నేదు." నా మొహంలోకి చూసింది. "ఏటీ మర్సిపోకుండానే మింగినాడా?"

తలూపాను.

"ఆడు సెప్పడు. ఆడి తీరే అంత. నువ్వు సెప్పొచ్చు గదే, రత్నం. నాకొక్కదానికైనా సెప్పొచ్చు గదే."

ఆవిడ కాళ్లు పట్టుకుని ఏడ్చాను. ఆవిడ నన్ను ఊరుకోమనలేదు, కాళ్లూ వెనక్కి తీసుకోలేదు.

ఆయన్ను చూడనివాళ్లు కూడా ఇది చదువుతారు. మీకు నేను చెప్పగలిగింది ఇంతే. ఆ సాయంత్రం స్టేజి మీద ఆయన ఏమీ మరిచిపోలేదు. తొందరపడ్డది నేను. ఆ తర్వాత పన్నెండేళ్లు నోరు మూసుకున్నదీ నేనే.